పొలుసుల రీలు

ముప్పై ఒక్క ఏళ్ళుగా ప్రొజెక్టర్ తిప్పుతున్నాను.
ఏడుపు సినిమాలు, తుపాకుల సినిమాలు,
సరిగ్గా ముద్దు దగ్గర పుటుక్కున తెగే సినిమాలు.
చేపల వాసన కొట్టే రీలు మాత్రం
ఇదాలినా తెచ్చిందే మొదటిది.

బిస్కెట్ల డబ్బాలో తెచ్చింది, వానలో, సైకిల్ మీద.
"జాగ్రత్త అబీలియు, కాస్త గరుకు" అంది.
దీపానికి ఎత్తి పట్టి చూశాను.
బొమ్మ లేదు. మనిషి లేడు. గీసిన గీతైనా లేదు.
ఖాళీ ఫిలిం పొడవునా
సార్డీన్ పొలుసులు.

మతోజిన్యుష్ రేవులో
తెల్లారకముందే వలలు దులిపే చోట
మోకాళ్ళ మీద కూర్చుని ఏరుతుందట.
ఉప్పునీళ్ళలో కడిగి, అద్దుడు కాగితం మీద ఆరబెట్టి
పట్టకారుతో గడికి మూడేసి అంటిస్తుందట.
ఇరవై నాలుగు గడులైతే ఒక సెకను.
చేతులు వణకని రోజున
రెండు సెకన్ల సినిమా.
తొమ్మిది నిమిషాలకు ఎన్నాళ్ళు పట్టిందని అడిగితే
"మధ్యలో జ్వరం వచ్చింది" అంది,
అదే లెక్క అన్నట్టు.

వాళ్ళమ్మ ఇక్కడే, ఇప్పుడు మూతపడిన డబ్బాల ఫ్యాక్టరీలో
చేపల తలలు కోసేది.
ఏ జామున పడవ వచ్చినా సైరన్ కూసేది.
ఒక్కో ఫ్యాక్టరీది ఒక్కో కూత.
పక్కదాని కూతకు వీధిలో కుక్క కూడా లేచేది కాదు,
తమదైతే ఊయల్లో పసిపిల్ల కళ్ళు తెరిచేది.
చీకట్లో అమ్మ జుట్టు ముడేసుకుంటుంటే
మోచేతి దగ్గర ఒక పొలుసు మెరిసేదట,
ఎంత తోమినా పోనిది.
ఇదాలినా ఇంతవరకే చెప్పింది. మిగతాది నేను అడగలేదు.

ఆదివారం సాయంత్రం, కార్మికుల క్లబ్బు.
ప్రొజెక్టర్‌కి గది కూడా లేదు, వెనకాల పేకాట బల్ల మీదే పెట్టాను.
ఇరవై ఏడు మంది,
అందులో సగం తర్వాత తీసే లాటరీ కోసం.
లైట్లు ఆర్పి మీట నొక్కాను.

తెర మీద పొలుసు పడవంత అయింది.
దాని లోపల వలయాలు, మొద్దు కోస్తే కనిపించేలాంటివి.
చేపకీ వయసు రాసి ఉంటుందని ఆ పూటే తెలిసింది.
వెంటనే ఇంకొకటి, ఇంకొకటి,
రెప్పపాటులో ఎనిమిది గడులు జారిపోతుంటే
అవి పొలుసులు కావు, వాన,
వానా కాదు, ఎవరో వీపు తిప్పుకుని వెళ్ళిపోయే మెరుపు,
అదీ కాదు.
మాట దొరికేలోపు రంగు మారిపోయింది.

తాళాలు బాగుచేసే టెల్మో
"కథెప్పుడు మొదలవుతుంది?" అన్నాడు పైకే.
దీపం వేడికి వాసన లేచింది.
ఆలివ్ నూనె, తుప్పు, పాత సముద్రం.
ఒకావిడ ముక్కుకి రుమాలు అడ్డం పెట్టుకుంది,
కాసేపటికి తనే తీసేసింది.

ఆరో నిమిషంలో,
ఫిలిం అంచున శబ్దం నడిచే సన్నటి దారి ఉంటుంది చూశారూ,
దాని మీద ఇదాలినా సూదితో అడ్డగీతలు గీకింది,
ముందు ఎడంగా, తర్వాత దగ్గరగా, ఇంకా దగ్గరగా.
స్పీకర్లోంచి కూత లేచింది.
ఆ ఫ్యాక్టరీ కూతే.

మూడో వరుసలో దియోలిందా లేచి నిలబడింది.
ఎనభై నాలుగేళ్ళు, రెండు మోకాళ్ళూ అరిగినవి.
చేతులు నడుం వెనక ఏప్రాన్ ముడి కోసం వెతుకుతున్నాయి.
ఆవిడ నీడ తెర మీద పడింది, పొలుసుల మధ్య నల్లగా.
కూర్చోమని ఎవరూ అనలేదు, టెల్మో కూడా.
కూత ఆగాక తనే కూర్చుని
"ఆలస్యమైపోయింది" అంది, ఎవరితోనో.

ఆటయ్యాక గేటు విప్పి
మెత్తటి కుంచెతో ఊడ్చాను.
నలభై మూడు పొలుసులు.
ఆడిన ప్రతిసారీ ఇంత సినిమా రాలిపోతుంది.
ఏ వెయ్యోసారికో
ఖాళీ ఫిలిం మీద కూత ఒక్కటే మిగులుతుందేమో.
అగ్గిపెట్టెలో పోసి ఇవ్వబోయాను,
మళ్ళీ అంటించుకుంటుందని.
ఇదాలినా రీలు చుడుతూ, తలెత్తకుండా,
"అవి నీ కూలి" అంది.

లాటరీలో పందితొడ టెల్మోకే తగిలింది.
అగ్గిపెట్టె నా కోటు జేబులోనే ఉంది.
సిగరెట్ వెలిగిద్దామని
గాలికి వీపు పెట్టి తెరిచినప్పుడల్లా
ఆ పెట్టే వస్తుంది చేతికి.